పీఎస్5లో స్టోరేజ్ ఫుల్ అయ్యిందా? డిలీట్ నొక్కే ముందు ఇది చూసుకోండి.. లేదంటే నెలల ఆట ఒక్క క్షణంలో పోతుంది!

కొత్త గేమ్ కొన్నారు. డౌన్‌లోడ్ పెట్టారు. వెంటనే స్క్రీన్ మీద స్టోరేజ్ సరిపోదంటూ మెసేజ్.. ప్లేస్టేషన్ 5 ఉన్న దాదాపు ప్రతి ఇంట్లోనూ ఏదో ఒక రోజు ఈ సీన్ కనిపిస్తుంది. చాలామంది ఆ తొందరలో సెట్టింగ్స్‌లోకి వెళ్లి, కంటికి కనిపించినవన్నీ టిక్ పెట్టి డిలీట్ కొట్టేస్తారు. ఖాళీ అయితే దొరుకుతుంది. కానీ ఆ తర్వాతే అసలు సంగతి బయటపడుతుంది. తమ్ముడు నాలుగు నెలలుగా ఆడుతున్న కెరీర్ మొత్తం మాయం!

పీఎస్5లో డిలీట్ అనే ఆప్షన్ ఒక చోట కాదు, చాలా చోట్ల ఉంటుంది. ఒక చోట నొక్కితే పోయింది మళ్లీ తెచ్చుకోవచ్చు. ఇంకో చోట నొక్కితే డబ్బు పెట్టినా తిరిగి రాదు. ఈ తేడా తెలిస్తే చాలు, స్టోరేజ్ ఖాళీ చేయడం పెద్ద పనేం కాదు. ఏది ముందు తీయాలి, ఏది అస్సలు ముట్టుకోకూడదు, కొత్త డ్రైవ్ కొనాలంటే ఏం చూడాలి.. అన్నీ వరుసగా చూద్దాం.

అసలు పీఎస్5లో ఎంత జాగా ఉంటుంది?

2020 నవంబర్‌లో విదేశాల్లో, 2021 ఫిబ్రవరి 2న మన దేశంలో విడుదలైన మొదటి పీఎస్5లో 825 జీబీ ఎస్ఎస్‌డీ ఉంటుంది. కానీ అందులో సిస్టమ్ సాఫ్ట్‌వేర్ కొంత భాగం తీసేసుకుంటుంది. గేమ్‌లకు మిగిలేది సుమారు 667 జీబీ మాత్రమే. ఆ తర్వాత వచ్చిన స్లిమ్ మోడల్‌లో 1 టీబీ ఎస్ఎస్‌డీ ఉన్నా, వాడుకోవడానికి దొరికేది దాదాపు 848 జీబీ. పీఎస్5 ప్రోలో మాత్రం 2 టీబీ ఎస్ఎస్‌డీ ఇచ్చారు.

667 జీబీ అంటే ఎక్కువే కదా అనిపించొచ్చు. కానీ ఇప్పుడు పెద్ద గేమ్‌లు ఒక్కోటీ 100 జీబీకి అటూ ఇటూ ఉంటున్నాయి. కాల్ ఆఫ్ డ్యూటీ సిరీస్‌లో కొన్ని 100 జీబీ దాటిపోతాయి. అలాంటివి ఐదారు వేస్తే మొదటి మోడల్ పీఎస్5 నిండిపోయినట్టే.

ఇక్కడ చాలామంది పొరపాటు పడే విషయం ఒకటుంది. డిస్క్ కొంటే స్టోరేజ్ మిగులుతుందని అనుకుంటారు. అది నిజం కాదు. డిస్క్ పెట్టినా గేమ్ మొత్తం ఎస్ఎస్‌డీలోకి ఇన్‌స్టాల్ అవ్వాల్సిందే. ఆ తర్వాత డిస్క్ పని, గేమ్ మీ దగ్గర ఉందని కన్సోల్‌కు చూపించడం వరకే. అందుకే డిస్క్ వెర్షన్ అయినా, డిజిటల్ వెర్షన్ అయినా జాగా ఒకేలా తింటాయి.

గేమ్ ఫైల్ వేరు.. సేవ్ ఫైల్ వేరు

ఈ ఒక్క విషయం అర్థమైతే సగం భయం పోతుంది.

గేమ్ ఫైల్ అంటే గేమ్‌లోని బొమ్మలు, శబ్దాలు, మ్యాపులు, మిషన్లు. పదుల జీబీలు తినేది ఇదే. దీన్ని తీసేసినా కొన్న అకౌంట్‌తో లాగిన్ అయితే మళ్లీ ఉచితంగా డౌన్‌లోడ్ చేసుకోవచ్చు. హోమ్ స్క్రీన్‌లోని 'గేమ్ లైబ్రరీ'లో ఆ గేమ్ అలాగే ఉంటుంది. డిస్క్ ఉంటే డిస్క్ నుంచే వేసుకోవచ్చు.

సేవ్ ఫైల్ అంటే మీరు ఎంతవరకు ఆడారనే రికార్డు. ఏ లెవెల్‌లో ఉన్నారు, ఏ ఆయుధాలు సంపాదించారు, కెరీర్‌లో ఎన్ని మ్యాచ్‌లు గెలిచారు.. ఇవన్నీ అందులోనే ఉంటాయి. సైజు చూస్తే చాలా గేమ్‌లలో కొన్ని ఎంబీలే. కానీ అది పోతే దాన్ని తిరిగి ఇచ్చే షాపు ఎక్కడా లేదు. మళ్లీ మొదటి నుంచి ఆడాల్సిందే.

మంచి విషయం ఏంటంటే.. పీఎస్5లో గేమ్‌ను డిలీట్ చేస్తే దాని సేవ్ ఫైల్ డిలీట్ కాదు. కన్సోల్‌లోనే ఉండిపోతుంది. ఆరు నెలల తర్వాత అదే గేమ్ మళ్లీ వేసుకున్నా, ఆపిన చోట నుంచే ఆడొచ్చు. చెడ్డ విషయం ఏంటంటే.. స్టోరేజ్ సెట్టింగ్స్‌లో 'సేవ్డ్ డేటా' అని ఇంకో వరుస కూడా కనిపిస్తుంది. అదేదో పనికిరాని చెత్త అనుకుని డిలీట్ కొడితే అసలుకే మోసం. దాన్ని తీసేస్తే దొరికే ఖాళీ చాలా తక్కువ, పోయేది మాత్రం చాలా ఎక్కువ.

ముందుగా లెక్క చూడండి

ఏదైనా తీసేసే ముందు ఏది ఎంత తింటోందో చూసుకోవాలి. దానికి దారి ఇది: 'సెట్టింగ్స్'లోకి వెళ్లి 'స్టోరేజ్', అందులో 'కన్సోల్ స్టోరేజ్' ఓపెన్ చేయండి. అక్కడ నాలుగు భాగాలు కనిపిస్తాయి.

• గేమ్స్ అండ్ యాప్స్: ఎక్కువ జాగా తినేది ఇదే. ఖాళీ కావాలంటే చూడాల్సిన మొదటి చోటు.
• మీడియా గ్యాలరీ: స్క్రీన్‌షాట్లు, ఆట వీడియోలు. చాలామంది దీని సంగతే మర్చిపోతారు.
• సేవ్డ్ డేటా: ఇది ముట్టుకోవద్దు.
• అదర్: సిస్టమ్ వాడుకునే ఫైళ్లు. దీన్ని నేరుగా డిలీట్ చేయడం కుదరదు.

'గేమ్స్ అండ్ యాప్స్'లోకి వెళ్తే ఒక్కో గేమ్ పక్కన దాని సైజు ఉంటుంది. సైజు ప్రకారం వరుసలో పెట్టుకుంటే పెద్దవి పైకి వస్తాయి. యూట్యూబ్, నెట్‌ఫ్లిక్స్ లాంటి యాప్‌లు తీసేస్తే ఖాళీ వస్తుందని కొందరు అనుకుంటారు. గేమ్‌లతో పోలిస్తే వాటి సైజు ఏ మూలకూ రాదు. వాటి జోలికి వెళ్లడం టైమ్ వేస్ట్.

మొదటి మెట్టు: ఏ నష్టమూ లేకుండా దొరికే ఖాళీ

గేమ్‌లు తీసేయకముందే కొన్ని జీబీలు ఇలా సంపాదించొచ్చు.

1. ఒకే గేమ్ రెండుసార్లు ఉందేమో చూడండి. కొన్ని గేమ్‌లకు పీఎస్4 వెర్షన్, పీఎస్5 వెర్షన్ రెండూ ఉంటాయి. రెండూ ఒకే కన్సోల్‌లో ఇన్‌స్టాల్ అయి ఉండే అవకాశం ఉంది. పీఎస్5 వెర్షన్ ఆడుతుంటే పాతది తీసేయొచ్చు. అయితే ఒక జాగ్రత్త. మీరు ఇప్పటిదాకా ఆడింది ఏ వెర్షనో ముందు చూసుకోండి. పీఎస్4 వెర్షన్ సేవ్ ఫైల్ అన్ని గేమ్‌లలోనూ దానంతట అదే పీఎస్5 వెర్షన్‌లోకి రాదు. కొన్నింటిలో పాత వెర్షన్ ఓపెన్ చేసి, అక్కడి నుంచి పంపాల్సి ఉంటుంది.

2. ఆడని భాగాలు తీసేయండి. కొన్ని పెద్ద గేమ్‌లలో కథ మోడ్, ఆన్‌లైన్ మోడ్ వేర్వేరు భాగాలుగా ఉంటాయి. హోమ్ స్క్రీన్ మీద గేమ్ బొమ్మ దగ్గర ఆగి, కంట్రోలర్‌లో ఆప్షన్స్ బటన్ నొక్కితే 'మేనేజ్ గేమ్ కంటెంట్' కనిపిస్తుంది. కాల్ ఆఫ్ డ్యూటీలో కథ ఆడటం అయిపోయి, ఫ్రెండ్స్‌తో ఆన్‌లైన్ మాత్రమే ఆడుతుంటే, కథ భాగాన్ని తీసేసి గేమ్‌ను ఉంచుకోవచ్చు. అన్ని గేమ్‌లకూ ఈ సౌకర్యం ఉండదు.

3. మీడియా గ్యాలరీ ఖాళీ చేయండి. ట్రోఫీ వచ్చిన ప్రతిసారీ పీఎస్5 తనంతట తానే స్క్రీన్‌షాట్, చిన్న వీడియో సేవ్ చేసుకుంటుంది. ఏడాది ఆడితే వందల క్లిప్‌లు పోగుపడతాయి. వీడియోలు 4కే క్వాలిటీలో రికార్డ్ చేసే అలవాటు ఉంటే ఇంకా పెరుగుతుంది. కావాల్సినవి పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసుకుని మిగతావి తీసేయొచ్చు. ఆ పెన్‌డ్రైవ్ ఎక్స్‌ఫ్యాట్ లేదా ఫ్యాట్32 ఫార్మాట్‌లో ఉండాలి. ఇకపై ఇలా పోగుపడకుండా ఉండాలంటే 'సెట్టింగ్స్'లో 'క్యాప్చర్స్ అండ్ బ్రాడ్‌కాస్ట్స్'లోకి వెళ్లి, 'ట్రోఫీస్' దగ్గర వీడియో సేవ్ అయ్యే టిక్ తీసేయండి.

షార్ట్స్, రీల్స్ చేసేవాళ్లకు ఇంకో మాట. ఆట క్లిప్‌లు ఫోన్‌లోని పీఎస్ యాప్‌లోకి ఆటోమేటిక్‌గా వచ్చేలా పెట్టుకోవచ్చు. కానీ అక్కడ 14 రోజులే ఉంటాయి. పొడవైన వీడియోలు, 4కే వీడియోలు అలా రావు. యాప్‌లో ఉంది కదా అని కన్సోల్‌లో తీసేస్తే, రెండు వారాల తర్వాత రెండు చోట్లా ఉండదు. ముందు ఫోన్ గ్యాలరీలోకి దించుకుని, ఆ తర్వాతే డిలీట్ చేయండి.

రెండో మెట్టు: ఏ గేమ్ తీయాలి?

ఇప్పుడు గేమ్‌ల వంతు. ఇక్కడ పెద్ద గేమ్ ముందు తీసేయడం కన్నా, మళ్లీ తెచ్చుకోవడానికి ఇబ్బంది లేని గేమ్ ముందు తీయడం తెలివైన పని.

• కథ పూర్తయిపోయి, మళ్లీ ఆడే ఉద్దేశం లేనివి మొదట తీయండి.
• డిస్క్ మీ దగ్గర ఉన్నవి తర్వాత తీయండి. మళ్లీ కావాలంటే పెద్ద భాగం డిస్క్ నుంచే వస్తుంది. అప్‌డేట్లు మాత్రం నెట్ నుంచి దిగుతాయి.
• ఫోర్ట్‌నైట్ లాంటి పూర్తి ఆన్‌లైన్ గేమ్‌లలో మీ పురోగతి కంపెనీ సర్వర్‌లో, మీ అకౌంట్ మీద ఉంటుంది. గేమ్ తీసేసినా అది ఎక్కడికీ పోదు.
• వారం వారం ఆడే గేమ్‌ను తీయడం వల్ల ఉపయోగం లేదు. మూడు రోజుల్లో మళ్లీ డౌన్‌లోడ్ పెట్టాల్సి వస్తుంది.

ఒకే గేమ్‌లో రెండు రకాలూ ఉండొచ్చు. ఉదాహరణకు ఈఏ స్పోర్ట్స్ ఎఫ్‌సీలో అల్టిమేట్ టీమ్ సర్వర్ మీద ఉంటుంది. కెరీర్ మోడ్ సేవ్ మాత్రం కన్సోల్‌లో ఉంటుంది. 'ఇది ఆన్‌లైన్ గేమే కదా' అని సేవ్ ఫైల్ తీసేస్తే కెరీర్ పోతుంది.

ఇంకో ముఖ్యమైన విషయం. ఇంట్లో ఇద్దరు ముగ్గురు వేర్వేరు ప్రొఫైల్స్‌తో ఆడుతున్నా, ఇన్‌స్టాల్ అయిన గేమ్ ఒక్కటే ఉంటుంది. మీరు తీసేస్తే అందరికీ పోయినట్టే. మీరు రెండేళ్ల కిందట ముగించిన గేమ్‌ను చెల్లి ఇప్పుడు సగంలో ఆడుతూ ఉండొచ్చు. తీసేముందు ఇంట్లో ఒక్క మాట అడిగితే గొడవ ఉండదు.

తీసేయడం ఇలా: హోమ్ స్క్రీన్‌లో గేమ్ మీద ఆగి ఆప్షన్స్ బటన్ నొక్కి 'డిలీట్' ఎంచుకోవాలి. ఒకేసారి ఎక్కువ గేమ్‌లు తీయాలంటే 'కన్సోల్ స్టోరేజ్'లోని 'గేమ్స్ అండ్ యాప్స్'లో టిక్ పెట్టుకుంటూ వెళ్లాలి. బయట ఉన్నప్పుడు ఫోన్ నుంచి కూడా ఈ పని చేయొచ్చు. కన్సోల్‌ను పీఎస్ యాప్‌తో లింక్ చేసి, రెస్ట్ మోడ్‌లో నెట్‌కు కనెక్ట్ అయి ఉండేలా పెట్టుకుంటే, యాప్ నుంచే గేమ్ తీసేసి కొత్తది డౌన్‌లోడ్ పెట్టొచ్చు.

మళ్లీ డౌన్‌లోడ్.. నెట్ లెక్క వేసుకున్నారా?

'తీసేద్దాం, కావాలంటే మళ్లీ దించుకుందాం' అనడం తేలికే. కానీ 100 జీబీ గేమ్ దిగడానికి ఎంత టైమ్ పడుతుందో ఒకసారి చూడండి. 100 ఎంబీపీఎస్ స్పీడ్ పూర్తిగా అందితే రెండు గంటల పావు. 40 ఎంబీపీఎస్ అయితే ఐదున్నర గంటలు. ఇంట్లో ఇంకెవరో వీడియోలు చూస్తుంటే ఇంకా ఎక్కువ.

ఫైబర్ ఉన్నవాళ్లకు నెలకు 3300 జీబీ వరకు ఫుల్ స్పీడ్ ఇచ్చే ప్లాన్లు చాలానే ఉన్నాయి కాబట్టి పెద్దగా ఇబ్బంది ఉండదు. తక్కువ లిమిట్ ఉన్న ప్లాన్ వాడేవాళ్లు మాత్రం తీసేముందు లెక్క చూసుకోవాలి. ఇక ఫోన్ హాట్‌స్పాట్ మీదే కన్సోల్ నడిపేవాళ్ల సంగతి వేరే చెప్పక్కర్లేదు. రోజుకు 2 జీబీ డేటాతో 100 జీబీ గేమ్ దించాలంటే 50 రోజులు. అలాంటి ఇంట్లో గేమ్ డిలీట్ చేయడం అంటే రెండు నెలలు దాన్ని మర్చిపోవడమే. వాళ్లకు డిలీట్ కన్నా, కింద చెప్పబోయే ఎక్స్‌టర్నల్ డ్రైవ్ మేలు.

మళ్లీ దొరకని గేమ్‌లు కూడా ఉంటాయి. 2014లో పీఎస్4 కోసం ఉచితంగా వచ్చిన 'పీ.టీ.' అనే హారర్ డెమోను 2015లో స్టోర్ నుంచి తీసేశారు. కన్సోల్‌లో డిలీట్ చేసుకున్నవాళ్లకు మళ్లీ డౌన్‌లోడ్ ఆప్షనే రాలేదు. ఇది అరుదుగా జరిగేదే. స్టోర్ నుంచి తీసేసినా, కొన్నవాళ్లకు చాలా గేమ్‌లు లైబ్రరీలో ఉంటాయి. అయినా స్టోర్‌లో కనిపించని పాత గేమ్ ఏదైనా మీ కన్సోల్‌లో ఉంటే దాన్ని చివరికి పెట్టుకోండి. పీఎస్ ప్లస్ కింద ఉచితంగా వచ్చిన గేమ్‌లు ఆడాలంటే సబ్‌స్క్రిప్షన్ నడుస్తూ ఉండాలి. అది కూడా గుర్తుంచుకోండి.

సేవ్ ఫైల్‌కు కాపలా ఎలా?

గేమ్ తీస్తే సేవ్ పోదని పైన చూశాం. కానీ కన్సోలే పాడైతే? పొరపాటున సేవ్ డిలీట్ కొడితే? అందుకే ఇంకో కాపీ ఉండాలి.

పీఎస్ ప్లస్ సబ్‌స్క్రిప్షన్ ఉంటే క్లౌడ్‌లో పీఎస్5 సేవ్‌లకు 100 జీబీ, పీఎస్4 సేవ్‌లకు మరో 100 జీబీ ఇస్తారు. 'సెట్టింగ్స్'లో 'సేవ్డ్ డేటా అండ్ గేమ్/యాప్ సెట్టింగ్స్'లోకి వెళ్లి, 'సేవ్డ్ డేటా (పీఎస్5)' ఓపెన్ చేస్తే అప్‌లోడ్ చేసే ఆప్షన్ ఉంటుంది. ఎప్పుడైనా క్లౌడ్‌లో ఒకటి, కన్సోల్‌లో ఒకటి వేర్వేరుగా ఉన్నాయని, ఏది ఉంచాలని అడిగితే, కంగారుగా ఓకే కొట్టకుండా తేదీ, టైమ్ చూసి ఎంచుకోండి.

పీఎస్ ప్లస్ లేకపోతే? ఇక్కడే చాలామంది దెబ్బతింటారు. పీఎస్4 గేమ్‌ల సేవ్‌లను పెన్‌డ్రైవ్‌లోకి విడిగా కాపీ చేసుకోవచ్చు. పీఎస్5 గేమ్‌ల సేవ్‌లకు ఆ సౌకర్యం లేదు. ఉన్న దారి ఒక్కటే. 'సెట్టింగ్స్'లో 'సిస్టమ్', ఆ తర్వాత 'సిస్టమ్ సాఫ్ట్‌వేర్', అందులో 'బ్యాకప్ అండ్ రీస్టోర్'. దీంతో యూఎస్‌బీ డ్రైవ్‌లోకి బ్యాకప్ తీయొచ్చు. కానీ ఒక మెలిక ఉంది. ఆ బ్యాకప్‌ను తిరిగి ఎక్కించేటప్పుడు కన్సోల్‌లో ఉన్నదంతా చెరిగిపోయి, బ్యాకప్‌లో ఉన్నది మాత్రమే వస్తుంది. ఒక్క గేమ్ సేవ్ కోసం దాన్ని వాడుకోవడం కష్టం. కాబట్టి పీఎస్ ప్లస్ లేనివాళ్లు 'సేవ్డ్ డేటా' వరుస వైపు అస్సలు వెళ్లకపోవడమే మంచిది.

మూడో మెట్టు: డిలీట్ కాదు.. తరలించండి

ఇంట్లో ఎక్స్‌టర్నల్ హార్డ్ డిస్క్ ఉంటే గేమ్‌లను అందులోకి మార్చుకోవచ్చు. అది 250 జీబీ నుంచి 8 టీబీ మధ్య ఉండాలి. యూఎస్‌బీ 3.0 స్పీడ్ అందుకోవాలి. యూఎస్‌బీ హబ్ పెట్టకుండా నేరుగా కన్సోల్ వెనుక ఉన్న పోర్ట్‌కే కనెక్ట్ చేయాలి.

• పీఎస్4 గేమ్‌లను ఆ డ్రైవ్ నుంచే నేరుగా ఆడొచ్చు.
• పీఎస్5 గేమ్‌లను అందులో దాచుకోవచ్చు కానీ అక్కడి నుంచి ఆడలేరు. ఆడాలంటే మళ్లీ కన్సోల్‌లోకి తెచ్చుకోవాలి. అయినా నెట్ నుంచి దించడం కన్నా ఇది చాలా త్వరగా అయిపోతుంది. పైగా డేటా ఖర్చు ఉండదు.

పీఎస్4 గేమ్‌లు ఎక్కువగా ఉన్నవాళ్లు వాటన్నింటినీ ఎక్స్‌టర్నల్ డ్రైవ్‌లోకి పంపేస్తే, లోపలి ఎస్ఎస్‌డీ పూర్తిగా పీఎస్5 గేమ్‌లకు మిగులుతుంది. తక్కువ ఖర్చుతో ఎక్కువ లాభం ఇచ్చే పద్ధతి ఇదే.

జాగ్రత్త! డ్రైవ్‌ను మొదటిసారి పెట్టగానే పీఎస్5 దాన్ని ఫార్మాట్ చేయమంటుంది. ఓకే అంటే అందులో ఉన్నదంతా పోతుంది. పెళ్లి ఫొటోలు, పిల్లల వీడియోలు దాచుకున్న హార్డ్ డిస్క్‌ను తెచ్చి పెట్టకండి. ఫార్మాట్ అయ్యాక ఆ డ్రైవ్‌లో మామూలు ఫైళ్లు పెట్టుకోవడం కూడా కుదరదు. తీసేటప్పుడు కూడా వైరు లాగేయకుండా, ముందుగా మెనూలో సేఫ్‌గా తొలగించే ఆప్షన్ వాడాలి.

నాలుగో మెట్టు: లోపల కొత్త ఎస్ఎస్‌డీ

పీఎస్5 గేమ్‌లు ఎక్కువగా ఆడేవాళ్లకు అసలైన పరిష్కారం ఎం.2 ఎస్ఎస్‌డీ. కన్సోల్ పక్క కవర్ తీస్తే దీని కోసం ఒక ఖాళీ స్లాట్ ఉంటుంది. 2021 సెప్టెంబర్ అప్‌డేట్ నుంచి ఇది అందరికీ పనిచేస్తోంది. ఇందులో వేసిన పీఎస్5 గేమ్‌లను నేరుగా ఆడొచ్చు. షాపుకు వెళ్లినా, ఆన్‌లైన్‌లో కొన్నా ఈ ఐదూ చూడండి.

• పీసీఐఈ జెన్4 ఎన్‌వీఎంఈ రకం కావాలి. చూడటానికి అలాగే ఉండే సాటా ఎం.2 పనిచేయదు.
• రీడ్ స్పీడ్ సెకనుకు 5,500 ఎంబీ లేదా అంతకన్నా ఎక్కువ ఉండాలన్నది సోనీ సిఫారసు.
• కెపాసిటీ 250 జీబీ నుంచి 8 టీబీ వరకు.
• హీట్‌సింక్ తప్పనిసరి. ఎస్ఎస్‌డీ, హీట్‌సింక్ కలిపి మందం 11.25 మిల్లీమీటర్లు దాటకూడదు.
• 4 టీబీ కన్నా పెద్దది వేస్తుంటే కన్సోల్‌ను ముందుగా అప్‌డేట్ చేసుకోవాలి. 8 టీబీ వరకు వాడుకునే వీలు 2023 సెప్టెంబర్ అప్‌డేట్‌తో వచ్చింది.

అమర్చే ముందు కన్సోల్‌ను పూర్తిగా ఆఫ్ చేసి, కరెంట్ వైరు తీసి, వేడి తగ్గేదాకా ఆగాలి. రెస్ట్ మోడ్ అంటే ఆఫ్ అయినట్టు కాదు. అమర్చాక కన్సోల్ ఆ ఎస్ఎస్‌డీని ఫార్మాట్ చేస్తుంది. ఆ తర్వాత 'స్టోరేజ్'లోని 'ఇన్‌స్టలేషన్ లొకేషన్'లో ఎం.2ను ఎంచుకుంటే కొత్త గేమ్‌లు అందులోకే వెళ్తాయి.

'అదర్' ఎందుకు అంత పెరిగింది?

గేమ్‌లు తీసేసినా 'అదర్' దగ్గర ఎక్కువ జీబీలు కనిపిస్తున్నాయా? ముందుగా డౌన్‌లోడ్స్ లిస్టులో సగంలో ఆగిపోయినవి ఉంటే రద్దు చేయండి. కన్సోల్‌ను పూర్తిగా ఆఫ్ చేసి ఆన్ చేయండి. అప్పటికీ తగ్గకపోతే సేఫ్ మోడ్ ఒకసారి ప్రయత్నించొచ్చు.

కన్సోల్ ఆఫ్‌లో ఉండగా పవర్ బటన్ నొక్కి పట్టుకోండి. ఒక బీప్ వెంటనే వస్తుంది. సుమారు ఏడు సెకన్ల తర్వాత రెండోది వస్తుంది. అప్పుడు వదిలేయండి. కంట్రోలర్‌ను కేబుల్‌తో కలిపి పీఎస్ బటన్ నొక్కండి. వచ్చే మెనూలో 'క్లియర్ క్యాష్ అండ్ రీబిల్డ్ డేటాబేస్' ఎంచుకోండి. దీనివల్ల గేమ్‌లు, సేవ్‌లు పోవు. డేటాబేస్ మళ్లీ కట్టడానికి కాస్త టైమ్ పట్టొచ్చు. మధ్యలో కరెంట్ పోకుండా చూసుకోవాలి.

అదే మెనూలో 'రీసెట్ పీఎస్5' పేరుతో ఉండే ఆప్షన్లు మాత్రం అస్సలు ముట్టుకోకండి. అవి కన్సోల్‌ను కొత్తదానిలా మార్చేస్తాయి. గేమ్‌లు, సేవ్‌లు, వీడియోలు అన్నీ పోతాయి. మెనూలో నంబర్ చూసి కాదు, పేరు పూర్తిగా చదివి నొక్కండి.

ఈ పొరపాట్లు చేయకండి

• వాడని ప్రొఫైల్ కదా అని యూజర్‌ను డిలీట్ చేయడం. ఆ యూజర్ సేవ్‌లు, వీడియోలు కూడా దాంతోపాటే పోతాయి. హైదరాబాద్‌లో హాస్టల్‌లో ఉంటున్న అన్నయ్య సెలవులకు వచ్చి చూసుకుంటే ఏమీ మిగలదు.
• చిన్నపిల్లల చేతికి కంట్రోలర్ ఇచ్చి 'ఏదో ఒకటి తీసేయ్' అనడం.
• డౌన్‌లోడ్ తొందరలో 'సేవ్డ్ డేటా' మొత్తం సెలెక్ట్ చేయడం.
• ఎస్ఎస్‌డీని చివరి జీబీ దాకా నింపేయడం. గేమ్‌లకు అప్‌డేట్లు వస్తూనే ఉంటాయి. కొంత ఖాళీ ఎప్పుడూ ఉంచుకోవాలి.

ఇంట్లో పీఎస్4 ఉంటే..

పీఎస్4లో కథ కొంచెం వేరు. అప్‌డేట్ దిగాక అది గేమ్‌ను మళ్లీ కాపీ చేసుకుంటుంది. అందుకే చిన్న అప్‌డేట్‌కు కూడా దాదాపు గేమ్ సైజంత ఖాళీ అడుగుతుంది. '2 జీబీ అప్‌డేట్‌కు 50 జీబీ ఎందుకు?' అన్న ప్రశ్నకు జవాబు ఇదే. అప్‌డేట్ పూర్తయ్యాక ఆ ఖాళీ మళ్లీ వచ్చేస్తుంది. సేవ్‌లను పెన్‌డ్రైవ్‌లోకి కాపీ చేసుకునే వీలు పీఎస్4లో ఉంది. 'అప్లికేషన్ సేవ్డ్ డేటా మేనేజ్‌మెంట్'లోకి వెళ్లి ఆ పని ముందే చేసేసుకోండి.

ఎక్స్‌బాక్స్, స్విచ్ వాడేవాళ్లకు

ఎక్స్‌బాక్స్ సిరీస్ ఎస్‌లో 512 జీబీ ఉంటే వాడుకోవడానికి దొరికేది సుమారు 364 జీబీ. సిరీస్ ఎక్స్‌లో 1 టీబీకి 802 జీబీ. ఇక్కడ క్లౌడ్ సేవ్ అందరికీ ఉచితం. నెట్‌కు కనెక్ట్ అయి ఆడుతుంటే సేవ్ గురించి పెద్దగా బెంగ అక్కర్లేదు. గేమ్‌లను యూఎస్‌బీ డ్రైవ్‌లో దాచుకోవచ్చు కానీ, సిరీస్ ఎక్స్, ఎస్ కోసం తయారైనవి ఆడాలంటే లోపలి స్టోరేజ్ లేదా ప్రత్యేకమైన ఎక్స్‌పాన్షన్ కార్డ్ ఉండాలి.

నింటెండో స్విచ్ మొదటి మోడల్‌లో 32 జీబీ, ఓఎల్ఈడీ మోడల్‌లో 64 జీబీ మాత్రమే. మైక్రో ఎస్‌డీ కార్డ్ వేసుకుంటే గేమ్‌లు అందులోకి వెళ్తాయి. సేవ్‌లు మాత్రం కన్సోల్‌లోనే ఉంటాయి. 'ఆర్కైవ్' ఎంచుకుంటే గేమ్ ఫైల్ పోయి, బొమ్మ, సేవ్ అలాగే ఉంటాయి. స్విచ్ 2లో 256 జీబీ ఇచ్చారు. కానీ దానికి మామూలు కార్డ్ గేమ్‌లకు పనికిరాదు. మైక్రో ఎస్‌డీ ఎక్స్‌ప్రెస్ రకం కొనాలి.

తరచూ వచ్చే సందేహాలు

గేమ్ డిలీట్ చేస్తే ట్రోఫీలు పోతాయా?
పోవు. సర్వర్‌తో సింక్ అయిన ట్రోఫీలు మీ అకౌంట్ మీదే ఉంటాయి.

కొన్న గేమ్‌కు మళ్లీ డబ్బు కట్టాలా?
అక్కర్లేదు. అదే అకౌంట్‌తో 'గేమ్ లైబ్రరీ' నుంచి దించుకోవచ్చు. డిస్క్ గేమ్ అయితే డిస్క్ ఉండాలి. అమ్మేస్తే మళ్లీ కొనాల్సిందే.

పొరపాటున డిలీట్ చేసిన సేవ్ తిరిగి వస్తుందా?
క్లౌడ్‌లో కాపీ ఉంటే వస్తుంది. లేకపోతే, పీఎస్5లో డిలీట్ చేసినవి దాచిపెట్టే రీసైకిల్ బిన్ లాంటిది లేదు.

ఎక్స్‌టర్నల్ డ్రైవ్‌లో ఉన్న పీఎస్5 గేమ్‌కు అప్‌డేట్లు వస్తాయా?
కన్సోల్‌లోకి తిరిగి తెచ్చాక అప్‌డేట్ అవుతుంది. అందుకే ఫ్రెండ్స్‌తో రాత్రి ఆడాలనుకుంటే సాయంత్రమే మార్చి పెట్టుకోండి.

ఒక్క ముక్కలో వరుస ఇదీ..

ముందు వీడియో క్లిప్‌లు, రెండుసార్లు ఉన్న గేమ్‌లు, ఆడని భాగాలు. తర్వాత పూర్తయిన గేమ్‌లు, డిస్క్ ఉన్న గేమ్‌లు. నెట్ తక్కువైతే డిలీట్‌కు బదులు ఎక్స్‌టర్నల్ డ్రైవ్. పీఎస్5 గేమ్‌లే ఎక్కువైతే ఎం.2 ఎస్ఎస్‌డీ. సేవ్డ్ డేటా జోలికి మాత్రం వెళ్లొద్దు. 100 జీబీ గేమ్ ఒక రాత్రిలో మళ్లీ దిగుతుంది. దాని పక్కన కొన్ని ఎంబీల్లో ఉన్న నాలుగు నెలల ఆట మాత్రం ఏ నెట్ స్పీడ్‌తోనూ దిగదు.